వంటయింటి ముచ్చటలు: రొయ్యల మీగడపచ్చడి



పిల్లవాని పుట్టినరోజునకో, నూతన గృహప్రవేశమునకో పదిమంది బంధుమిత్రులు ఇంటికి వచ్చిన సాయంకాలమున గృహిణి యెక్కడ నుండునో మీకు వేఱుగ చెప్పనక్కఱలేదు. సావడిలో నవ్వులు వినవచ్చుచుండును. ఆమె మాత్రము మూకుడు కడ నిలిచి బజ్జీలు తీయుచుండును. పళ్లెము నిండుటయే తడవు, అది ఖాళీయై తిరిగి వచ్చుచుండును. తుదకు అతిథులు సెలవు పుచ్చుకొనునపుడు గడపకడ నిలిచి, "మీతో రెండు మాటలైన ఆడుటకు తీఱిక చిక్కలేదు" అని నొచ్చుకొనుట మన వంతగును. మన కావ్యములలో అతిథిసత్కారమును వర్ణించిన చోట్ల మున్ముందు కనబడునవి అర్ఘ్యపాద్యములు, ఆసనము, కుశలప్రశ్నము. భోజనము పిదప వచ్చును. కుశలమడుగుటకు తీఱికలేని ఆతిథ్యము సగపాలే కదా! కావున ముందుగనే చేసి, చల్లగ నుంచి, వచ్చినవారి యెదుట పెట్టి మనమును వారితో కూర్చుండదగిన వంటక మొకటి ఈ నెల చెప్పదలచితిని.

దీనిని ఇంగ్లీషువారు "డిప్" అందురు. అనగా చిక్కని మీగడవంటి పదార్థమును గిన్నెలో నుంచి, కరకరలాడు ముక్కలను అందులో అద్దుకొని తినుట. 1954 ప్రాంతమున అమెరికాలో పుల్లని మీగడలో ఎండు ఉల్లిసూపు పొడిని కలిపి చేయు "కాలిఫోర్నియా డిప్" విందులలో మిక్కిలి ప్రచారమునకు వచ్చినది. ఆ దేశపు సముద్రతీరములందు పీతలతోను రొయ్యలతోను ఇట్టివే చేయుదురు. గ్రీసుదేశమున చేపగ్రుడ్లను రొట్టెతోగాని బంగాళాదుంపతోగాని కలిపి, ఓలివునూనె, నిమ్మరసము చేర్చి మెత్తగ నూఱి "తరమసలాత" అను పేర పెద్దయుపవాసదినముల యారంభమున తినుట ఆచారము. నంజుకొనుట మనకును క్రొత్త కాదు. పచ్చళ్లకు పుట్టినిల్లయిన దేశమున పుట్టితిమి. గిన్నెలోని రుచి మాఱినదే గాని పద్ధతి మాఱలేదు.

మఱియొక సంబంధమును కలదు. మన దేశమున రొయ్యల పెంపకమునందు ఆంధ్రప్రదేశ్ మొదటి స్థానమున నున్నది. 2009వ సంవత్సరమున "వన్నామి" జాతి రొయ్యను పెంచుటకు ప్రభుత్వము అనుమతించిన పిమ్మట గోదావరి, కృష్ణా, నెల్లూరు ప్రాంతముల చెఱువులలో ఈ పెంపకము మిక్కిలి విస్తరించినది. అక్కడినుండి ఓడలకెక్కిన రొయ్యలలో పెద్దపాలు ఎన్నియో యేండ్లు అమెరికా వంటశాలలకే చేరినది. కర్మాగారములలో ఆ రొయ్యలను ఒలిచి శుభ్రపఱచు పనివారిలో అత్యధికులు స్త్రీలు. పరదేశపు విందులలో నలుగురు కూర్చుండి అద్దుకొని తినెడి రొయ్యను మన యాడువారు మంచునీటిలో చేతులుంచి ఒలిచినారన్నమాట. ఆ రుచి మన యిండ్లలోను ఉండిన తప్పేమి?

ఇక్కడ పెద్దలు ఆక్షేపింపవచ్చును: "రొయ్యలలో పెరుగా! బొల్లి రాదా?" ఈ మాటను నవ్వి త్రోసివేయుట మర్యాద కాదు. చరకసంహిత సూత్రస్థానమున 26వ అధ్యాయమునందు పాలను చేపలను కలిపి తినుట విరుద్ధాహారమని చెప్పబడినది. రెండును మధురములే యైనను పాలు శీతవీర్యమనియు, మత్స్యము ఉష్ణవీర్యమనియు అచట కారణము చూపబడినది. లోకము దానిని పెరుగునకును, రొయ్యకును విస్తరింపజేసినది. నేటి వైద్యశాస్త్రమో, శరీరరక్షకశక్తి తన చర్మపు రంగుకణములనే నాశనము చేయుటచే బొల్లి కలుగునని చెప్పుచున్నది. చేపను పాలను కలిపి తినుటచే అది కలుగునని రుజువు కాలేదు. వంగదేశీయులు తరతరములుగా పెరుగులో చేపను వండుకొని తినుచునే యున్నారు. కాని ఇంట అత్తగారో, అమ్మమ్మగారో మనసు కష్టపెట్టుకొందురేని, ఒక గిన్నెడు పచ్చడి కొఱకు వాదము పెంచుట వివేకము కాదు. వారికొఱకు పెరుగు లేని విధానమును క్రింద చెప్పెదను. రుచియందు అది దీనికి తీసిపోదు.

కావలసిన వస్తువులు

తలలతోగూడిన రొయ్యలు అరకిలో (ఒలిచిన పిదప సుమారు పావుకిలో యగును), చిక్కని పాలతో తోడుపెట్టిన కమ్మని పెరుగు అరకిలో, పచ్చిపాల మీగడ 2 పెద్ద చెంచాలు, మిక్కిలి సన్నగ తఱిగిన ఉల్లిపాయ ఒక పెద్ద చెంచా, వెల్లుల్లి ఒక రేక, పచ్చిమిఱపకాయ ఒకటి, కొత్తిమీర కొంచెము, మిరియాలపొడి అరచెంచా, నిమ్మకాయ సగము, ఉప్పు తగినంత. ఇది పది పండ్రెండుగురికి చాలును.

చేయు విధము

ముందురోజు రాత్రియే పెరుగును పలుచని శుభ్రమైన గుడ్డలో మూటగట్టి, జల్లెడలో నుంచి, క్రింద గిన్నె పెట్టి ఫ్రిజ్‌లో నుంచుడు. తెల్లవాఱునప్పటికి నీరోడి వెన్నవలె చిక్కని ముద్ద మిగులును. బయట వ్రేలాడదీసినచో వేసవిలో పులిసిపోవును. ఓడిన తేటనీటిని పాఱబోయక చపాతీపిండి కలుపుటకు వాడుకొనుడు.

రొయ్యలు కొనునపుడు వాసన చూడుడు. మంచి రొయ్యకు సముద్రపు వాసన తేలికగ నుండును; ముక్కు నదరగొట్టు ఘాటు ఉన్నచో ధర యెంత తక్కువయైనను తేవలదు. తల, పెంకు తీసి, వీపున నిలువుగ గాటుపెట్టి నల్లని నరమును తొలగించి కడుగుడు. ఒక లీటరు నీటిలో చెంచాడు ఉప్పు, నాలుగు మిరియాలు వేసి బాగుగ మరిగిన పిదప రొయ్యలు వేయుడు. రెండు మూడు నిమిషములలో అవి తెల్లగ ఎఱ్ఱగ మాఱి, కొడవలివలె వంగును. ఒకదానిని త్రుంచి చూచినచో లోపల పచ్చిదనము కనబడరాదు. అప్పుడే దింపవలెను. తోకయు తలవైపును కలిసి ఉంగరమువలె చుట్టుకొన్నచో ఉడుకు మీఱి రబ్బరువలె సాగునని తెలియుడు. వెంటనే మంచునీటిలో ఒక నిమిషముంచి తీసి, పొడిగుడ్డపై పఱచి తడి పూర్తిగ నద్దుడు. ఈ పనిని తేలికగ చూడవలదు. రొయ్యలోని తడియే పచ్చడిని నీరుకార్చును.

మూడు నాలుగు రొయ్యలను అలంకారమునకై విడిగ నుంచి, తక్కినవానిని కత్తితో సన్నగ తఱుగుడు. మిక్సీలో వేయరాదు, వేసిన పేస్టగును, పంటికి తగులదు. పెరుగుముద్దను గూడ మిక్సీలో త్రిప్పినచో పలుచబడును. గరిటెతో మెదిపి, మీగడ చేర్చి కలుపుట మేలు. అందులో రొయ్యలు, ఉల్లి, నూఱిన వెల్లుల్లి, గింజలు తీసి తఱిగిన మిఱప, మిరియాలపొడి, ఉప్పు, కొత్తిమీర వేసి కలిపి, మూతపెట్టి గంటసేపు ఫ్రిజ్‌లో నుంచుడు. చల్లబడిన పదార్థమునందు ఉప్పు కారము లించుక మందగించి తోచును. కావున వడ్డించుటకు ముందు మఱల రుచిచూచి, అప్పుడు నిమ్మరసము పిండవలెను. పెరుగు సహజముగ పుల్లనిదేని నిమ్మ యక్కఱలేదు.

మన నాలుకకు ఉడికించిన రొయ్య చప్పగ తోచునేని, చెంచాడు నూనెలో అల్లము వెల్లుల్లి ముద్ద, చిటికెడు పసుపు, కొంచెము కారము వేసి రొయ్యలను నీరింకువఱకు వేయించి, పూర్తిగ చల్లార్చి కలుపుడు. వేడిమీద కలిపిన పెరుగు విరుగును.

పెరుగు లేని విధానము

నూఱు గ్రాముల జీడిపప్పును రెండు గంటలు నానబెట్టి, నీరు వంచి, చిక్కని కొబ్బరిపాలు కొంచెము కొంచెముగ పోయుచు వెన్నవలె రుబ్బుడు. పాలు నాలుగైదు పెద్ద చెంచాలు మించరాదు. దీనిలో నిమ్మరసము కొంచె మెక్కువగ పిండి, తక్కినవన్నియు పై విధముననే కలుపవలెను. కొబ్బరియు రొయ్యయు కోస్తావంటకు పాతచుట్టములు. ఈ పచ్చడిని ఏ పెద్దలును కాదనరు.

అద్దుకొనుటకు కీరదోస, క్యారెట్టు, ముల్లంగి నిలువుముక్కలు, కాల్చిన అప్పడపు ముక్కలు, ఉప్పుబిస్కత్తులు, బంగాళాదుంప చిప్సు తగియుండును. బియ్యపుపిండి చెక్కలు అన్నింటికంటె బాగుండును.

మఱువరాని జాగ్రత్తలు

మొదటిది, కాలము. రొయ్యయు పెరుగును సూక్ష్మజీవులకు మంచి యాహారము. 5 డిగ్రీల నుండి 60 డిగ్రీల సెల్సియసు వఱకు గల ఉష్ణతలో అవి వేగముగ వృద్ధి పొందును. కావున ఇట్టి పదార్థము రెండు గంటలకు మించి బయట నుండరాదు. ఉష్ణత 32 డిగ్రీలు దాటిన దినములలో ఒక గంటయే హద్దు. మన యెండకాలము ఎట్టిదో మీరెఱుగుదురు. పచ్చడిని రెండు గిన్నెలుగ విభజించి, ఒకటి మంచుముక్కల పళ్లెములో నుంచి వడ్డించి, రెండవది ఫ్రిజ్‌లోనే యుంచుడు. మొదటిది ముగిసిన పిదప రెండవ గిన్నెను తెండు. మిగిలిన పాతదానిలో క్రొత్తది వేయవలదు. హద్దు దాటి బయట నున్నదానిని, ఎంత మిగిలినను, ఉదయము పిల్లలకు పెట్టవలదు. పాఱవేయుటకు చేయి రాదని ఇంటిల్లిపాదికి జబ్బు తెచ్చుకొనుట పొదుపు కాదు.

రెండవది, పడని వారు. కొందఱికి రొయ్యలు, పీతలు పడవు. వానిలోని "ట్రోపోమయోసిన్" అను మాంసకృత్తు దీనికి ముఖ్యకారణము. ఎంత ఉడికించినను అది నశింపదు. చేప పడినవారికి రొయ్య పడునను నియమము లేదు. ఇట్టివారు మొగమాటమున నోరు విప్పరు. కావున గిన్నె పెట్టునపుడే "ఇందులో రొయ్యలున్నవి, జీడిపప్పున్నది" అని మనమే చెప్పవలెను. తినినవారికి పెదవులు వాచుట, ఊపిరి అందకపోవుట జరిగినచో ఇంటివైద్యములతో కాలయాపన చేయక వెంటనే 108కి ఫోను చేసి ఆసుపత్రికి చేర్పవలెను.

మూడవది, శాకాహారులు. వారికి అదే పెరుగుముద్దలో కాల్చి తోలుతీసిన వంకాయను మెదిపి కలిపినచో చక్కని జోడు పచ్చడి యగును. దానిని ముందుగ కలిపి, వేఱు గిన్నెలో, వేఱు గరిటెతో, వేఱు బల్లపై నుంచుడు. తఱిగిన పలకను, కత్తిని గూడ వేఱుచేయవలెను. వారి నియమమును మనము పాటించితిమని వారికి తెలిసినపుడే వారు నిశ్చింతగ తినగలరు.

ఇంతయు ముందుగనే సిద్ధమైనచో అతిథులు వచ్చు వేళకు పొయ్యి ఆఱియుండును, మీ చీర నలగకుండును. గిన్నెను నడుమ పెట్టి, మీరును ఒక కుర్చీ లాగుకొని కూర్చుండుడు. పచ్చడి ఎట్లున్నదని అడుగుటకు ముందు వారి పిల్లల చదువులెట్లున్నవో అడుగుడు.