పెద్దక్క పాట్లు
రెక్రియాటివో డె వెల్వా 1889 డిసెంబరులో పుట్టింది. స్పెయిన్ ఫుట్‌బాల్ క్లబ్బుల్లో పెద్దక్క ఇదే. రియో టింటో రాగి గనుల కోసం వచ్చిన బ్రిటిష్ ఉద్యోగులు, వారి డాక్టరు విలియం మెకే దీనికి మూలపురుషులు. 1890 మార్చి 8న సెవిల్లా గుర్రప్పందేల మైదానంలో ఆడిన మ్యాచ్‌లో 2–0తో ఓడింది. వయసుకు తగ్గ కప్పులు మాత్రం రాలేదు: స్పెయిన్ అగ్రశ్రేణి లీగ్ లా లిగాలో ఆడింది అయిదే సీజన్లు. 2003లో స్పెయిన్ కప్పు కోపా డెల్ రే ఫైనల్లో మయోర్కా జట్టు దీన్ని 3–0తో చిత్తు చేసింది. 2006 డిసెంబరులో రియల్ మాడ్రిడ్‌ను దాని సొంత మైదానం బెర్నబ్యూలోనే 3–0తో ఓడించడం ఒక్కటే మిగిలిన వైభవం. తర్వాత అప్పులు ముంచాయి. యజమానుల నుంచి క్లబ్బును 2016లో వెల్వా నగరపాలక సంస్థ స్వాధీనం చేసుకుంది. అయినా 2021లో జట్టు ఏకంగా స్పెయిన్ లీగుల్లో అయిదో అంచెకు జారి, రెండేళ్లలో మూడో అంచెకు ఎగబాకింది.