రౌటర్లో డీఎన్ఎస్ మార్చేస్తే అయిపోయిందా?

ఓపెన్‌డబ్ల్యూఆర్‌టీ ఎక్కించుకున్న మిత్రులు చాలామంది డీఎన్ఎస్ గడిలో 8.8.8.8 అని కొట్టేసి, ఇక ప్రొవైడరుకి ఏమీ కనబడదని నిశ్చింతగా ఉంటారు. నా ఉద్దేశంలో అది ఉత్తరాన్ని వేరే ఊరికి రాసినా పోస్టుకార్డు మీదే రాయడం లాంటిది. మామూలు డీఎన్ఎస్ ప్రశ్నలు పోర్టు 53 మీద బట్టబయలుగా పోతాయి. దారిలో ఉన్నవాడు చదవొచ్చు, తలుచుకుంటే తన సర్వరుకే మళ్ళించుకోవచ్చు కూడా. పైగా ప్రొవైడరిచ్చే డీఎన్ఎస్ వాడమనే టిక్కు వ్యాన్‌లో తీసి, వ్యాన్6లో మరిచిపోతే కొన్ని ప్రశ్నలు పాత సర్వరుకే పోతుంటాయి!

కాబట్టి హెచ్‌టీటీపీఎస్-డీఎన్ఎస్-ప్రాక్సీ ప్యాకేజీ వేసుకోండి. డీఎన్ఎస్‌మాస్క్ తనకొచ్చిన ప్రశ్నల్ని దానికిస్తుంది, అది గుప్తంగా పంపిస్తుంది. ఇంట్లో ఒక్కో ఫోనూ పట్టుకు కూర్చోనక్కర్లేదు. (సొంత డీఎన్ఎస్ బిగించుకొచ్చే టీవీల సంగతి వేరే.)

ఐతే ఇంత చేసినా మన చిట్టా మాయమైపోదండోయ్. ప్రొవైడరు చేతిలోంచి గూగుల్ చేతికో, క్లౌడ్‌ఫ్లేర్ చేతికో పోతుంది, అంతే. సైటు పేరు కూడా, కనెక్షను మొదలయ్యేటప్పుడు, చాలా సైట్లకి ఇంకా బయటికి కనిపిస్తూనే ఉంటుంది. నా మటుకు నేను ప్రకటనల వ్యాపారం చేసేవాళ్ళకి ఆ చిట్టా ఇవ్వను. లాభాపేక్ష లేని క్వాడ్9 (9.9.9.9) పెట్టుకున్నా. అది 2021లో స్విట్జర్లాండుకి మారింది, అక్కడి గోప్యతా చట్టాలు గట్టివి. మీరు ఎవరిది పెట్టారు, ఎందుకు?