గోల్ వేసినవాడే ఆటగాడా?



మేము మదనపల్లె, పుంగనూరు, కుప్పం సాంఘిక సంక్షేమ హాస్టళ్ళలో చదువుకుని బయటికొచ్చినవాళ్ళం. వార్షికోత్సవ సంచికకు ఏదైనా రాయమని అడిగారు. చదువు గురించి అందరూ రాస్తారు కాబట్టి ఆట గురించి రాద్దామనుకున్నాం. ఆటలో కూడా గోల్ వేసేవాడి గురించే అందరూ రాస్తారు. అందుకని మేము వెనక నిలబడి కాపు కాసే డిఫెండర్ గురించి రాస్తున్నాం.

మన హాస్టళ్ళలో కబడ్డీ, వాలీబాల్ ఆడినంతగా ఫుట్‌బాల్ ఆడరు. అయినా బంతి దొరికిన ఏడాది, స్టడీ అవర్ గంట కొట్టేదాకా గ్రౌండులో దుమ్ము లేచేది. రెండు వైపులా రెండేసి రాళ్ళు పెడితే అవే గోల్ పోస్టులు. జట్లు పంచుకునేటప్పుడు అందరికీ ముందు ఆడాలనే ఆశ. "నువ్వు బ్యాక్ ఉండు" అంటే మొహం మాడ్చుకునేవాళ్ళం. ఆట రానివాడినీ, ఆరో తరగతి పిల్లవాడినీ తీసుకెళ్ళి వెనక నిలబెట్టేవాళ్ళం.

మాలో ఒకడు మాత్రం అడిగి మరీ వెనక నిలబడేవాడు. వాడిని దాటి బంతి పోవడం గగనమే. వార్షికోత్సవం రోజు కప్పు మాత్రం ఎక్కువ గోల్స్ వేసినవాడికే ఇచ్చారు. వాడు ఇంటర్ మొదటి సంవత్సరంలో ఉండగా, పదిహేడేళ్ళ వయసులో, బెంగుళూరులో ఒకాయన పరిచయమయ్యాడు. ముందు డబ్బు కడితే సెలక్షన్ ఇప్పిస్తాను, తర్వాత విదేశీ క్లబ్బుకు పంపిస్తాను అన్నాడు. వాళ్ళమ్మ కమ్మలు తాకట్టు పెట్టి ఇచ్చింది. కుప్పంలో రైలెక్కించింది మేమే. ఆ మనిషి ఎవరు, కాగితం ఏదైనా రాసిచ్చాడా అని ఒక్కరమూ అడగలేదు. రెండు నెలలకు వాడు ఉత్త చేతులతో తిరిగొచ్చాడు. హాజరు చాలక పరీక్ష పోయింది. సిగ్గుపడి, హాస్టల్ గేటు దాకా వచ్చి వెనక్కి పోయాడట. ఇప్పుడు మదనపల్లె టమోటా మార్కెట్టులో క్రేట్లు మోస్తున్నాడు. కష్టపడి బతకడంలో చిన్నతనమేమీ లేదు, మనలో చాలామంది అమ్మానాన్నలు చేసే పనే అది. కానీ అందరి వెనకా నిలబడినవాడికి వెనక మేము నిలబడలేదు. ఆ తప్పు మాదే.

"ఆటను నమ్ముకుంటే ఇంతే" అని పెద్దలు అంటారు. మేము ఒప్పుకోము. ఊరు విడిచి పోయి, వెనక నిలబడే ఆటతోనే పేరు తెచ్చుకున్నవాళ్ళున్నారు.

మన తెలుగు నేల నుంచి చూస్తే హైదరాబాద్‌కు చెందిన సయ్యద్ నయీముద్దీన్ ఉన్నాడు. ఆయన డిఫెండర్. మొదట హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టులో ఆడాడు. 1950 నుంచి 1954 దాకా వరుసగా ఐదుసార్లు రోవర్స్ కప్పు గెలిచిన జట్టు అది. 1966లో ఈస్ట్ బెంగాల్ జట్టు కోసం కలకత్తా చేరాడు. భాష వేరు, తిండి వేరు, ఓడితే ఊరుకోని జనం. అక్కడే నిలదొక్కుకున్నాడు. 1970 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో ఆయన కెప్టెన్‌గా భారత జట్టు కాంస్య పతకం గెలిచింది. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మన దేశానికి వచ్చిన చివరి పతకం అదే. ఆయనకు అర్జున, ద్రోణాచార్య రెండు అవార్డులూ వచ్చాయి. తర్వాత కోచ్‌గా బంగ్లాదేశ్ దాకా వెళ్ళాడు.

ఇంకా దూరం పోదాం. కరీబియన్ సముద్రంలో ట్రినిడాడ్ అనే దీవి ఉంది. 1845 నుంచి మన దేశపు కూలీలను చెరకు తోటల పనికి ఓడల్లో తీసుకెళ్ళింది అక్కడికే. మద్రాసు రేవులో ఓడ ఎక్కినవాళ్ళూ వారిలో ఉన్నారు. ట్రినిడాడ్, టొబాగో రెండూ కలిసిన ఆ దేశ జనాభా దాదాపు 13 లక్షలు. ఆ దేశపు డిఫెండర్ డెన్నిస్ లారెన్స్. ఎత్తు 6 అడుగుల 7 అంగుళాలు. సొంత దేశంలో సైన్యం జట్టుకు ఆడేవాడు. 26 ఏళ్ళకు, అంటే చాలామంది "ఇంక వయసు దాటింది" అనుకునే వేళకు, 2001లో బ్రిటన్‌లోని వేల్స్‌కు వెళ్ళి రెక్సామ్ క్లబ్బులో చేరాడు. అది పెద్ద పేరున్న లీగు కాదు. అయినా ఐదేళ్ళు అక్కడే ఆడాడు.

2005 నవంబరు 16న బహ్రెయిన్‌లో ఆఖరి అర్హత మ్యాచ్. సొంత గడ్డ మీద తొలి మ్యాచ్ 1-1తో సమం. రెండో మ్యాచ్‌లో డ్వైట్ యార్క్ కార్నర్ కిక్ కొట్టాడు. వెనక నుంచి వచ్చిన లారెన్స్ తలతో కొట్టి గోల్ వేశాడు. 1-0తో ఆ చిన్న దేశం మొదటిసారి ప్రపంచ కప్పుకు వెళ్ళింది. ఆట మానేశాక ఇంగ్లండులో కోచింగ్ పనిచేసి, 2017లో సొంత దేశపు జట్టుకే కోచ్ అయ్యాడు. ఆ ఏడాది అక్టోబరులో ఆయన జట్టు అమెరికాను 2-1తో ఓడించడంతో, అంత పెద్ద దేశం 2018 ప్రపంచ కప్పుకు పోలేకపోయింది.

ఈ ఇద్దరిలో మాకు కనిపించింది ఒకటే. ఇద్దరూ గాలిలో దూకలేదు. ఒకరికి పోలీసు జట్టు, ఇంకొకరికి సైన్యం జట్టు వెనక ఉన్నాయి. కాలు పెట్టి నిలబడటానికి చోటు ఉంది కాబట్టే ముందుకు దూకారు. మన పిల్లలకు ఆ చోటు హాస్టలే కావాలి. ఇది మగపిల్లల మాట మాత్రమే కాదు. నిజామాబాద్ జిల్లా అమ్మాయి గుగులోత్ సౌమ్య 2022లో క్రొయేషియా దేశపు డైనమో జాగ్రెబ్ క్లబ్బులో చేరింది.

అందుకే మా అభిప్రాయం సూటిగా చెబుతున్నాం. పదో తరగతి పిల్లలకైనా సరే, సాయంత్రం ఆట గంటను ట్యూషన్‌కు ఇచ్చేయొద్దు. ఎవరైనా సెలక్షన్‌కు పోతే హాస్టల్ నుంచి గానీ, పూర్వ విద్యార్థుల నుంచి గానీ ఒకరు తోడు పోవాలి. తిరిగొస్తే వాడి మంచం, వాడి ప్లేటు అలాగే ఉండాలి. చదువు మధ్యలో తెగకూడదు.

తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, మీరూ ఒక మాట గుర్తుంచుకోండి. నిజమైన క్లబ్బు ఆటగాడికి డబ్బిస్తుంది, ఆటగాడిని డబ్బు అడగదు. 18 ఏళ్ళు నిండకుండా వేరే దేశపు క్లబ్బుకు మారడం ఫిఫా నిబంధనల ప్రకారం, కొన్ని మినహాయింపులు తప్ప, కుదరదు. ఈ ఒక్క ముక్క ఆనాడు మాకు తెలిసి ఉంటే ఆ తల్లి కమ్మలు నిలిచేవి. ఆడిన ప్రతి పోటీ సర్టిఫికెట్టూ ట్రంకు పెట్టెలో భద్రంగా దాచుకోండి. ఉద్యోగాల్లో క్రీడాకారుల కోటాకు కాగితమే సాక్ష్యం.

ఈ ఏడాది నుంచి మూడు ఊళ్ళ పూర్వ విద్యార్థులం కలిసి, వెనక నిలబడి బాగా ఆడినవారికి ఒక కప్పు ఇస్తున్నాం. అది అందించడానికి మా స్నేహితుడినే పిలిచాం. మొదట రానన్నాడు. తర్వాత, ఆ రోజు మార్కెట్టులో లోడు తక్కువుంటే వస్తానన్నాడు. వస్తే గేటు దగ్గర ఆగనివ్వకండి, చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకురండి.