"పొయ్యి ఏం తెచ్చినారు?" అని అడగొద్దు

అక్కలకు, చెల్లెళ్ళకు, నా తోటి 9వ తరగతి వాళ్ళకు నా అభిప్రాయము రాస్తా ఉండాను. తప్పకుండా చివరి దాకా చదవండి.

ఆటల్లో గెలిచినవాళ్ళ గురించి అందరూ రాస్తారు. కప్పు పట్టుకున్న ఫోటో కత్తిరించి గోడపత్రికలో అంటిస్తాము. నేను వేరేవాళ్ళ గురించి రాస్తాను. చాలా పైదాకా పొయ్యి, అక్కడ కొన్నాళ్ళు ఆడి, ఒక జట్టు నుంచి ఇంకో జట్టుకు తిరుగుతా, దెబ్బలు తగిలితే మాన్పుకుంటా, పెద్ద పేరు రాకపోయినా బంతి వేస్తానే ఉండేవాళ్ళ గురించి. వాళ్ళు ఓడిపోయినవాళ్ళు కారు అనేది నా అభిప్రాయము.

ఇది ఇప్పుడే ఎందుకు రాయాల్సి వచ్చిందంటే రెండు కారణాలు కలవు. మొన్న సెలక్షన్లకు మన హాస్టలు నుంచి ముగ్గురు పొయినారు. ఎంపిక కాలేదు. తిరిగొచ్చిన రోజు రాత్రి భోజనాల లైన్లో "పొయ్యి ఏం తెచ్చినారు?" అని అడిగి నవ్వినారు. అప్పటినుంచి ఆ ముగ్గురిలో ఇద్దరు గ్రౌండు పక్కకే రావడం లేదు. రెండో కారణము, 9, 10 తరగతులకు సాయంత్రము ఆటల గంట తీసేసి స్టడీ అవర్ పెడతారని అనుకుంటా ఉండారు.

మన రాయలసీమ అమ్మాయి ఒకామె గురించి చెప్తాను. పేరు అంజలి శర్వాణి. కర్నూలు జిల్లా ఆదోని. 1997లో పుట్టింది. ఎడమచేత్తో వేగంగా బంతి వేస్తుంది. మొదట ఆంధ్ర జట్టుకు ఆడింది. తరువాత రైల్వే జట్టుకు ఆడింది. 2022 డిసెంబరు 9వ తేదీన నవీ ముంబైలోని డి.వై. పాటిల్ స్టేడియములో ఆస్ట్రేలియా మీద భారత జట్టు తరపున మొదటి మ్యాచ్ ఆడింది. ఆ మ్యాచ్ మనవాళ్ళు 9 వికెట్ల తేడాతో ఓడిపొయినారు. 2023లో సౌత్ ఆఫ్రికాలో జరిగిన టి-20 ప్రపంచ కప్పు జట్టులో ఆమె పేరు ఉండింది. ఆ ఏడాదే ఆడవాళ్ళ ప్రీమియర్ లీగు మొదలైతే యు.పి. వారియర్స్ వాళ్ళు 55 లక్షలు పెట్టి తీసుకున్నారు. తరువాత చైనాలో జరిగే ఆసియా క్రీడలకు కూడా ఎంపికైంది. కానీ గాయము వల్ల పోలేకపొయింది. ఆమె బదులు పూజా వస్త్రాకర్‌ను పంపించినారు. అక్కడ మన జట్టు బంగారు పతకము గెలిచింది.

ఆ రోజుల్లో ఆమె దేశము కోసము ఆడిన మ్యాచులు లెక్కబెడితే పదికి లోపే. ఈ లెక్క చూసి "అంతేనా?" అనేవాళ్ళు ఉంటారు. నేను ఇంకో లెక్క చెప్తాను. టి-20లో ఒక బౌలరుకు ఎక్కువలో ఎక్కువ 4 ఓవర్లు, అంటే 24 బంతులు. మన గ్రౌండులో ఒక అమ్మాయి రోజుకు 60 బంతులు వేసిందనుకోండి. నెలలో 25 రోజులు వేస్తే 1500 అవుతాయి. ఏడాదికి 18,000. పదేళ్ళకు 1,80,000. ఆ 24 బంతుల వెనకాల ఇన్ని బంతులు ఉంటాయి. ఇవి ఏ టీవీలోనూ కనపడవు. కనపడనంత మాత్రాన వెయ్యలేదని అనగలమా?

కార్తీక బ్రహ్మోత్సవాలప్పుడు తిరుచానూరు మాడ వీధుల్లో వాహనము వస్తే అందరూ పైకే చూస్తారు. కింద భుజము పెట్టి మోసేవాళ్ళ ముఖాలు ఎవరికీ గుర్తుండవు. భుజాలు లేకపోతే వాహనము కదులుతుందా? జట్టు కూడా అంతే. పేరున్నవాళ్ళు నలుగురైతే, మోసేవాళ్ళు ఎంతోమంది.

ఇప్పుడు బేస్‌బాల్ అనే ఆట గురించి చెప్పాలి. అది అమెరికాలో మనకు క్రికెట్ లాగా. బంతి వేసేవాడిని పిచర్ అంటారు. 18 మీటర్లు దాటిన దూరం నుంచి, పరుగెత్తకుండా, కొంచెము ఎత్తైన మట్టి దిబ్బ మీద నిలబడి విసురుతాడు. బంతి నేలకు తగలకుండా పోవాలి. చెయ్యి వంచి విసరవచ్చు. మన బౌలరు అట్ల విసిరితే నోబాల్ అంటారు. బంతి బరువు మాత్రము మన ఆడవాళ్ళ క్రికెట్ బంతికి దగ్గర దగ్గర సమానమే, 145 గ్రాముల చిల్లర.

2008లో మన దేశానికి వచ్చి అమెరికావాళ్ళు ఒక పోటీ పెట్టినారు. ఎవరు గట్టిగా, గురి చూసి విసురుతారో వాళ్ళకు బహుమానము. ఉత్తరప్రదేశ్ పల్లెల నుంచి వచ్చిన రింకూ సింగ్, దినేష్ పటేల్ అనే ఇద్దరు అబ్బాయిలు అందులో ముందు నిలిచినారు. (ఈ రింకూ సింగ్ వేరు, క్రికెట్ ఆడే రింకూ సింగ్ వేరు.) రింకూ వాళ్ళ నాయన లారీ డ్రైవరు. ఇంట్లో తొమ్మిదిమంది పిల్లలు. వాళ్ళిద్దరూ లక్నోలో ఉండి బల్లెం విసరడము నేర్చుకున్న పిల్లలు, బేస్‌బాల్ అంటే ఏమో తెలియదు. రింకూ గంటకు 140 కిలోమీటర్ల వేగముతో విసిరి లక్ష డాలర్లు గెలుచుకున్నాడు. అదే ఏడాది నవంబరులో పిట్స్‌బర్గ్ పైరేట్స్ అనే పెద్ద జట్టు ఇద్దరినీ తీసుకుంది. వాళ్ళ మీద 2014లో సినిమా కూడా వచ్చింది.

సినిమా జట్టులో చేరడముతో అయిపోతుంది. పని అక్కడే మొదలవుతుంది! పెద్ద జట్టుకు కింద మెట్లు మెట్లుగా చిన్న జట్లు ఉంటాయి. కొత్తవాళ్ళు అన్నిటికన్నా కింది మెట్టు నుంచి ఎక్కాలి. 2010 అయిపోయేసరికి దినేష్‌ను జట్టు నుంచి తీసేసినారు. ఆ అబ్బాయి ఇంటికి తిరిగొచ్చినాడు. రింకూ అక్కడే ఉండి ఫ్లోరిడాలో, పెన్సిల్వేనియాలో, డొమినికన్ రిపబ్లిక్‌లో, వెస్ట్ వర్జీనియాలో, ఆస్ట్రేలియాకు పొయ్యి కాన్‌బెర్రాలో కూడా విసిరినాడు. మన దగ్గర బేల్దారి పనివాళ్ళు సంచి సర్దుకోని ఈ నెల బెంగళూరు, వచ్చే నెల చెన్నై అని పోతారు కదా, అట్ల. తరువాత మోచేతికి గాయము, ఆపరేషన్. అన్నిటికన్నా పై మెట్టు మీద ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు. 2018లో కుస్తీ పోటీల వైపు వెళ్ళిపొయినాడు.

మరి వాళ్ళు ఏం తెచ్చినారు? 2009 జులైలో రింకూ అక్కడ మైదానములోకి దిగే దాకా అమెరికా ప్రొఫెషనల్ బేస్‌బాల్ ఆటలో భారత దేశపు పౌరుడు ఒక్కడు కూడా లేడు. ఆ దారి లేనే లేదు. వీళ్ళు నడిచినాక దారి అయింది. నేను చెప్పేది అదే. పై మెట్టు ఎక్కినవాళ్ళ వల్లనే కాదు, మొదటి మెట్టు ఎక్కడ ఉందో చూపించినవాళ్ళ వల్ల కూడా దారి పడుతుంది.

మనకు ఇంకా దగ్గర మాట. 2023 జులై 9న ఢాకాలో బంగ్లాదేశ్ మీద ఇద్దరు అమ్మాయిలు ఒకే రోజు భారత జట్టులోకి వచ్చినారు. ఒకరు మన అనంతపురము జిల్లా బారెడ్డి అనూష. ఇంకొకరు కేరళ వయనాడు కొండల నుంచి వచ్చిన మిన్ను మణి. మిన్ను కురిచియ అనే ఆదివాసీ తెగ అమ్మాయి. వాళ్ళ నాయన కూలి పని చేసేవాడు. ఆమె తన మొదటి ఓవర్లోనే వికెట్ తీసింది. కూలి ఇంట్లో పుట్టిన ఆదివాసీ అమ్మాయి భారతదేశము అని రాసిన చొక్కా వేసుకుంది అంటే నాకు ఎంత సంతోషమో రాయలేను. మన అడవుల్లో, చేలల్లో వడిసెలతో రాయి విసిరి పిట్టలు తోలే చేతులకు గురి కొత్తగా నేర్పాలా?

2025 నవంబరు 2న మన ఆడవాళ్ళు సౌత్ ఆఫ్రికాను ఓడించి ప్రపంచ కప్పు గెలిచినారు. ఆ పోటీల్లో కడప జిల్లా శ్రీచరణి 14 వికెట్లు తీసింది. ఫైనలు జరిగింది ఎక్కడో తెలుసా? అంజలి మొదటి మ్యాచ్ ఆడి ఓడిపోయిన ఆ డి.వై. పాటిల్ స్టేడియములోనే. అంజలి, అనూష, శ్రీచరణి ముగ్గురూ ఎడమచేత్తో బంతి వేసేవాళ్ళే, ముగ్గురూ సీమవాళ్ళే. శ్రీచరణి పేరు ఇప్పుడు అందరికీ తెలుసు, తెలియాల్సిందే. కానీ ఆదోని నుంచి, అనంతపురము నుంచి కూడా పోవచ్చని ముందే చూపించినవాళ్ళను మరిచిపోతే అది న్యాయము కాదు. (మనలో పుర్రచెయ్యి అని ఎగతాళి చేసేవాళ్ళు ఈ మాట రెండుసార్లు చదవండి.)

పెద్దలు అడిగేది నాకు తెలుసు. "పదో తరగతి పరీక్ష ఫెయిలైతే ఆట అన్నం పెడుతుందా?" ఇది మంచి ప్రశ్న. మా అమ్మ రేషన్ షాపులో వేలిముద్ర వేస్తుంది. మా ఇంట్లో అక్షరము చదివే మొదటి మనిషిని నేనే. చదువు వదిలెయ్యమని నేను చెప్తే నా నోరే పడిపోవాలి. గాయము తగిలితే ఆట ఒక్క రోజులో ఆగిపోతుందని పైన నేనే రాసినాను. అందుకే చదువు కావాల్సిందే. కానీ ఒక్క గంట ఆట తీసేస్తే ఆ గంటలో మాకు లెక్కలు వచ్చేస్తాయా? పొద్దున నుంచి బల్ల మీద కూర్చున్నవాళ్ళము, సాయంత్రము పుస్తకము ముందర పెట్టుకోని నిద్రపోతాము. ఇది మేడమ్ గారు కూడా చూసే ఉంటారు. ఇంకో మాట, రైల్వే లాంటి శాఖల్లో ఆడేవాళ్ళకు స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగాలు ఇస్తారు. టీవీలో కనపడని ఆటగాళ్ళు కూడా అట్ల ఇల్లు నడుపుకుంటా ఉండారు. ఆట కూడా ఒక చేతిపని లాంటిదే.

అందుకని నేను నాలుగు మాటలు అడుగుతా ఉండాను.

1. 9, 10 తరగతుల ఆటల గంట తీసెయ్యవద్దు. పరీక్షల నెలలో కావాలంటే అరగంట చెయ్యండి, మేము ఒప్పుకుంటాము.

2. బీరువాలో ఉన్న బంతులు సాయంత్రము బయటికి ఇవ్వండి. పోతాయని భయము ఉంటే లీడరు సంతకము పెట్టి తీసుకుంటుంది. ముళ్ళ కంపలో పడినా మేము వెతికి తెస్తాము.

3. భుజము, మోకాలు నొప్పి అని చెప్పిన అమ్మాయిని సాకులు చెప్తా ఉంది అని అనకుండా రెండు రోజులు ఆపండి. పెద్ద పెద్దవాళ్ళ ఆటే గాయాలతో ఆగిపొయింది.

4. ఇది తోటివాళ్ళకు. సెలక్షన్లకు పొయ్యి వచ్చినవాళ్ళను "అక్కడ ఎట్ల వేస్తా ఉండారు? నువ్వు ఏం చూసినావు? మాకు నేర్పు" అని అడగండి. వాళ్ళు వట్టి చేతులతో రాలేదు. మనము చూడనిది చూసి వచ్చినారు.

రోజూ ఎవరు ఎన్ని బంతులు వేసినారో, ఎన్ని స్టంపులకు తగిలినాయో రాయడానికి ఒక నోటు పుస్తకము పెడితే బాగుంటుంది. గెలిచినవాళ్ళ పేర్లు బోర్డు మీద రాస్తాము, వేసినవాళ్ళ పేర్లు ఆ పుస్తకములో ఉంటాయి. నా దగ్గర నూరు పేజీల నోటు ఒకటి ఉంది, సగము ఖాళీ. అట్ట వేసి ఇస్తాను. మొదటి పేజీలో ఆ ముగ్గురి పేర్లు రాయాలని నా కోరిక. వాళ్ళు ఒప్పుకుంటేనే రాస్తాను.

ఇది నా అభిప్రాయము. ఒప్పుకోనివాళ్ళు వచ్చే నెల గోడపత్రికలో జవాబు రాయండి, చదువుతాను.

ఇట్లు,
9వ తరగతి విద్యార్థిని