మంగోలుల పాలన – మధ్యయుగ రష్యా – మన తీర్పు

మధ్యయుగ రష్యాను గురించి పరీక్షలో ప్రశ్న వచ్చినపుడు మన విద్యార్థులు వ్రాయు సమాధానము సామాన్యముగా ఒక్కటే. మంగోలులు వచ్చినారు, నగరములను కాల్చినారు, 240 సంవత్సరములు రష్యా ప్రజల మెడపై 'తాతార్ కాడి' మోపినారు, అందువలన ఆ దేశము పశ్చిమ యూరప్ కంటె వెనుకబడినది, జార్ చక్రవర్తుల నిరంకుశత్వము కూడ మంగోలుల వద్ద నేర్చినదే. ఈ సమాధానమునకు మార్కులు వచ్చును. కాని ఇందులో సగము సత్యము, సగము అలవాటు. ఏది సత్యమో, ఏది అలవాటో విడదీసి చూచుటయే చరిత్ర చదువుటకు ప్రయోజనమని మేము భావించుచున్నాము.

మొదట సత్యమునే చెప్పుకొందము. 1223లో కల్కా నది ఒడ్డున రష్యన్ ప్రభువులు మొదటిసారి మంగోలుల చేతిలో ఓడిపోయినారు. బాతూ ఖాన్ సైన్యము 1236లో వోల్గా తీరమందలి బల్గార్ రాజ్యమును ధ్వంసము చేసి, 1237 డిసెంబరులో ర్యజాన్ నగరమును, మరుసటి ఫిబ్రవరిలో వ్లాదిమిర్ నగరమును నేలమట్టము చేసినది. కొజెల్స్క్ అను చిన్న పట్టణము ఏడు వారములు ఎదిరించి నిలిచి, చివరకు నశించినది. 1240 డిసెంబరులో కీవ్ పడిపోయినది. ఆరు సంవత్సరముల తరువాత ఆ దారిన పోయిన పోపు గారి దూత కార్పినీ, ఒకనాటి ఆ మహానగరములో రెండు వందల ఇండ్లు కూడ సరిగా మిగలలేదని వ్రాసినాడు. పనివారిని చెరపట్టి తీసికొనిపోవుటచే కొన్ని హస్తకళలు క్షీణించినవి. ఈశాన్య రష్యాలో సుమారు అర్ధశతాబ్దము రాతికట్టడములు ఆగిపోయినవి. ఈ దుఃఖమును తక్కువచేసి చెప్పు వాదమును మేము అంగీకరింపము.

అయితే ధ్వంసము ఒక సంగతి, పాలన మరియొక సంగతి. ఈ రెండింటిని కలిపివేయుటయే మన సమాధానములోని మొదటి దోషము. మంగోలులు రష్యా అడవుల నడుమ కాపురముండలేదు. వోల్గా దిగువ తీరమున సరాయ్ నగరమును నిర్మించుకొని, అక్కడినుండియే అధికారము నెరపినారు. స్థానిక ప్రభువులను తొలగింపక, 'యార్లిక్' అను సన్నదుతో వారినే పీఠములపై నిలిపినారు. 1257 మొదలు జనసంఖ్య లెక్కించి పన్ను విధించినారు. బాటల వెంట గుఱ్ఱములు మార్చుకొను మజిలీలను ఏర్పరచినారు. 'యామ్' అను ఆ ఏర్పాటును తరువాత మాస్కో ప్రభుత్వము శతాబ్దముల పాటు తన తపాలా పద్ధతిగా నిలుపుకొన్నది. నోవ్గొరోద్ నగరము వరకు మంగోలు సైన్యము ఎన్నడును చేరలేదు. అయినను 1259లో అక్కడి ప్రజలు లెక్కకు ఎదురు తిరిగినపుడు, వారిని బలవంతముగా ఒప్పించినవాడు మంగోలు సేనాని కాదు. రష్యన్ల వీరపురుషుడైన అలెగ్జాండర్ నేవ్‌స్కీ.

మాస్కో ఎట్లు పెరిగినదో చూచిన ఈ సంగతి మరింత స్పష్టమగును. పదునాలుగవ శతాబ్ది ఆరంభమున మాస్కోకు, ట్వేర్ నగరమునకు పెద్దరికము కొఱకు ఘోరమైన పోటీ యుండెను. 1327లో ట్వేర్ అంగడి వీధిలో ఒక డీకన్ గారి ఆడగుఱ్ఱమును తాతార్ భటులు లాగుకొనగా, ఆ కేక ఊరంతయు ప్రాకి తిరుగుబాటైనదని వృత్తాంతకారులు వ్రాసినారు. ఖాను బంధువైన చోల్ ఖాన్ తన పరివారముతో సహా హతుడైనాడు. అపుడు మాస్కో ప్రభువు ఇవాన్ సరాయ్‌కి పోయి, మంగోలు సైన్యమును వెంటబెట్టుకొని వచ్చి, ట్వేర్‌ను అణచివేసినాడు. ఇతర ప్రభువుల కప్పమును కూడ వసూలుచేసి ఖానుకు అందజేయు హక్కు క్రమముగా అతనికి దక్కినది. ఇతనికి చరిత్రలో నిలిచిన బిరుదు 'కలితా', అనగా డబ్బుసంచి. ఆ సంచిలో చేరిన ధనము ఎవరిది? రష్యన్ రైతులదే. పన్ను ఖానుది, వసూలు మాస్కోది, ఆకలి రైతుది.

ధర్మము విషయములో జరిగినది ఇంకను గమనింపదగినది. పన్ను లెక్కలలో క్రైస్తవ మతాచార్యులను మంగోలులు మినహాయించినారు. 1267లో మెంగూ తెమూర్ ఇచ్చిన సన్నదు చర్చి ఆస్తులకు రక్షణ కల్పించి, ఆ మతమును దూషించువారికి మరణదండన విధించినది. బెర్కే ఖాన్ స్వయముగా ఇస్లామును స్వీకరించినవాడు. అతని కాలముననే, 1261లో, రాజధాని సరాయ్‌లో క్రైస్తవ బిషప్ పీఠము వెలసినది. ఉజ్బెక్ ఖాన్ కాలమున ఇస్లాము రాజమతమైన తరువాత కూడ ఖానులు చర్చికి సన్నదులిచ్చుట మానలేదు. ఇందులో ఔదార్యము ఎంత, రాజనీతి ఎంత అని అడుగవచ్చును. ఖాను క్షేమము కొఱకు ప్రార్థన చేయుట ఆ మినహాయింపునకు షరతు. ఔదార్యముగాని, ఎత్తుగడగాని, ఆ రెండు శతాబ్దములలో చర్చి భూములు పెరిగినవనుట మాత్రము సత్యము. మరియొక ప్రక్క, పన్నుల వసూలును గుత్తకు పుచ్చుకొని ప్రజలను పీడించినవారిలో ముస్లిం వర్తకులును ఉండిరి; వారిపై 1262లో రోస్తోవ్, సుజ్దాల్ మొదలైన పట్టణములు తిరుగబడినవి. మనకు నచ్చిన సంగతిని చెప్పి, నచ్చనిదానిని దాచుట చరిత్ర కాదు.

ఇక నిరంకుశత్వము మాట. మంగోలులు రాకముందే రష్యా ఏకఖండముగా లేదు. 1169లో కీవ్ నగరమును కొల్లగొట్టినది అంద్రేయ్ బొగొల్యూబ్‌స్కీ పంపిన రష్యన్ సైన్యమే. నోవ్గొరోద్‌లో పౌరులు గంట మ్రోగించి సభ చేరి, తమ ప్రభువును తామే పిలుచుకొను ఆచారముండెను. మంగోలుల కాలమంతయు ఆ గంట మ్రోగుచునే యున్నది. 1478లో ఆ సభను రద్దుచేసి, ఆ గంటను మాస్కోకు తరలించినవాడు మూడవ ఇవాన్. రెండు సంవత్సరముల తరువాత, 1480లో, ఉగ్రా నది ఒడ్డున ఖాన్ అహ్మద్‌కు ఎదురునిలిచి దేశమును విముక్తము చేసినవాడుగా కీర్తి పొందినవాడును ఆ ఇవానే. ఆ విముక్తికి అతనికి తోడు నిలిచిన మిత్రుడు క్రిమియా ఖాన్ మెంగ్లీ గిరాయ్, అనగా మరియొక తాతార్ ప్రభువు. రైతును భూమికి పూర్తిగా కట్టివేసిన చట్టము 1649 నాటిది. అప్పటికి స్వర్ణ ఓర్దా అంతరించి నూట నలుబది సంవత్సరములు దాటినది. ఈ పాపములన్నియు మంగోలులవే అనువారు, తరువాతి పాలకులను ఏ ఆధారముతో విడిచిపెట్టుచున్నారో చెప్పవలసియున్నది.

పండితులు ఈ విషయమున ఏకాభిప్రాయులు కారు. మాస్కో తన గొప్పతనమునకు ఖానులకే ఋణపడియున్నదని కరంజీన్ అన్నాడు. మంగోలుల ప్రభావము స్వల్పమని సొలొవ్యోవ్ వాదించినాడు. 1953లో వెర్నాద్‌స్కీ ఒక పూర్తి గ్రంథమునే వ్రాసి ఆ ప్రభావము లోతైనదని నిరూపింప బూనినాడు. ఇట్టి వాదోపవాదములు విద్యకు మేలుచేయును. వాదమును ఆజ్ఞతో ముగించినపుడే కీడు కలుగును. 1944 ఆగస్టులో సోవియట్ కమ్యూనిస్టు పార్టీ కేంద్ర సంఘము, స్వర్ణ ఓర్దాను తాతార్ చరిత్రకారులు కీర్తించుచున్నారని ఆక్షేపించుచు ఒక తీర్మానమును చేసినది. 'ఇదెగేయ్' అను తాతారుల ప్రాచీన వీరగాథ కూడ ఆ నిందకు గురియైనది.

ఇక్కడనే మా ముఖ్యమైన మాట. 'తాతార్ కాడి' అన్నపుడు ఆ పేరును నేడు మోయుచున్నవారెవరు? కజాన్ ప్రాంతపు తాతారులు. వారి పూర్వికులలో ముఖ్యమైన భాగము వోల్గా బల్గార్లు. ర్యజాన్ కంటె ఒక సంవత్సరము ముందుగా, 1236లో, మంగోలుల చేత నాశనమైనవారు. ఆ దండయాత్రలో మొదట కూలినవారి సంతతి, దండెత్తినవారి నిందను తలకెత్తుకొన్నది. ఇంతకంటె విపరీతమేమి కలదు? రాజుల అప్పును ప్రజల పద్దున వ్రాయుట వలన కలుగు అనర్థమిది. ఒక పాలనను తూచవచ్చును, తప్పక తూచవలెను. కాని ఆ తక్కెడలో, ఆరు వందల సంవత్సరముల తరువాత పుట్టిన పిల్లవానిని కూర్చుండబెట్టరాదు.

ఈ చరిత్ర మనకు బొత్తిగా పరాయిది కాదు. 'ఓర్దా' అనగా రాజు విడిది, శిబిరము. మన కళాశాలలో బోధించు ఉర్దూ భాష పేరు కూడ ఆ తురుష్క పదమునుండి వచ్చినదే. మంగోలుల అధికారి 'దారుగా'. మన దారోగా అతని పేరింటివాడే. రష్యన్లు కోశమును 'కజ్నా' అందురు, మనము ఖజానా అందుము. వారి 'సుందూక్' మన సందూకు. వారి 'బజార్' మన బజారు. అరబ్బీ, పారశీక పదములు తురుష్క భాషల మీదుగా ఉత్తరమునకు పోయినవి, పారశీకము వెంట దక్షిణమునకు వచ్చినవి. 1470 ప్రాంతమున బహమనీ సుల్తానుల రాజధాని బీదరుకు అఫనాసీ నికితిన్ అను రష్యన్ వర్తకుడు వచ్చినాడు. ఇతని ఊరు, ఒకప్పుడు మంగోలు సైన్యము కాల్చిన ట్వేర్ నగరమే. దక్కనులో ఇతడు 'ఖ్వాజా యూసుఫ్ ఖొరాసానీ' అను పేరుతో తిరిగినాడు. తన యాత్రాగ్రంథములో నడుమ నడుమ రష్యన్ విడిచి, తురుష్క, పారశీక, అరబ్బీ మాటలతో దేవుని ప్రార్థించినాడు. తాత ముత్తాతల ఊరిని కాల్చినవారి వోల్గా బాటలమీద విన్న భాషయే ఇతనికి పరదేశములో దారి చూపినది. దీనిని కాడి అందుమా? కానుక అందుమా? రెండును కాదు, ఇది చరిత్ర.

కావున విద్యార్థి మిత్రులకు మా విన్నపమిది: ఈసారి ఆ ప్రశ్న వచ్చినపుడు 'కాడి' అను మాటతో ప్రారంభింపుడు, దానితో ముగింపకుడు. ఆ కాడిని ఎవరు మోపినారు, ఎవరు పట్టి నడిపినారు, ఎవరు మోసినారు అని మూడు ప్రశ్నలు వేసికొనుడు. కళాశాల కమిటీ వారికి కూడ ఒక మనవి. మంగోలుల చరిత్రకు జువైనీ, రషీదుద్దీన్ పారశీకములో వ్రాసిన గ్రంథములు మూలాధారములు. ఉర్దూ చదివిన మన విద్యార్థులకు పారశీకము దూరదేశము కాదు. ఆ గ్రంథముల అనువాదములు, వాటి ప్రక్కనే రష్యన్ వృత్తాంతముల అనువాదములు మన గ్రంథాలయములో ఒకే అరలో నుండునట్లు చేసిన, ఒక సంఘటనను రెండు వైపులనుండి చూచు అలవాటు మన పిల్లలకు అబ్బును. ఆ అలవాటు రష్యా చరిత్రకు మాత్రమే కాదు, మన చరిత్రకును అవసరము.