తపోద జలాలకు కావలి ఎవరు?

అధికమాసం వచ్చిందంటే మన ప్రాంతంలో వివాహాలు లేవు, ఉపనయనాలు లేవు, గృహప్రవేశాలు లేవు. జపానికి, దానానికి, పురాణ శ్రవణానికి మాత్రమే ఆ నెల విశేషమని పెద్దలు చెబుతారు. మగధదేశంలోని రాజగృహంలో మాత్రం ఆ మాసమే మహోత్సవకాలం. నేటి బీహార్ రాష్ట్రంలో, నలందా జిల్లాలో, రాజగిర్ అనే పేరుతో ఉన్న పట్టణమే ఆ రాజగృహం. అధికమాసం ముప్పది రోజులూ సమస్త దేవతలూ అక్కడే కొలువుంటారని స్థానికుల విశ్వాసం. వసురాజు చేసిన యజ్ఞానికి దేవతలందరూ విచ్చేశారని, కాకిని పిలవడం మరచినందున ఆ నెలలో రాజగృహంలో కాకులు కనిపించవని అక్కడి తీర్థపురోహితులు కథ చెబుతారు. బ్రహ్మకుండం, సప్తధార మొదలైన ఉష్ణకుండాలలో స్నానానికి ఆ మాసంలో లక్షలాది జనం తరలివస్తారు.

చాంద్రమాన సంవత్సరం సుమారు 354 రోజులు, సౌరమానం 365 రోజులు. ఏటా మిగిలే పదకొండు రోజులు కూడగా, సుమారు 32 నెలలకొకసారి సూర్యసంక్రమణం లేని చాంద్రమాసం ఒకటి ఏర్పడుతుంది. అదే అధికమాసం. 2023లో అది శ్రావణంలో వచ్చింది. జులై 18 నుంచి ఆగస్టు 16 వరకు, అంటే నిండు వర్షాకాలంలో. 2026లో, పరాభవ నామ సంవత్సరంలో, అధికమాసం జ్యేష్ఠానిది. మే 17 నుంచి జూన్ 15 వరకు. బీహారులో నైరుతి ఋతుపవనాలు ప్రవేశించేది సాధారణంగా జూన్ మధ్యలో. కాబట్టి జ్యేష్ఠంలో అధికమాసం వస్తే, భూగర్భజలం ఏడాదిలోకెల్లా అడుగంటిన వేళ ఆ చిన్న పట్టణం మీదకు మహాజనసందోహం వచ్చి పడుతుంది. ఈ అంతరం గ్రహించడానికి పంచాంగం చాలు, వేరే పరిశోధన అక్కరలేదు. రాజగృహ తీర్థానికి నేడు వచ్చిన చిక్కు ఏమిటో ఈ ఒక్క లెక్కలోనే తెలుస్తుంది.

మన తెలుగువారికీ ఈ క్షేత్రంతో అనుబంధం ఉంది. కాశీ, ప్రయాగ, గయ యాత్రకు వెళ్ళే బృందాలు గయలో పిండప్రదానం ముగించుకొని, మరునాడు ఒక బస్సులోనో నాలుగు కార్లలోనో బుద్ధగయ, రాజగృహం, నలందా చూసి సాయంకాలానికి తిరిగిరావడం పరిపాటి. దారిచూపే గైడు ముందు పాతకోట గోడలు, ఆపై జరాసంధుని మల్లరంగం అని చెప్పే స్థలం, రోప్‌వే, మధ్యలో అరగంటో ముప్పావుగంటో ఉష్ణకుండాల స్నానం, చివరకు నలందా శిథిలాలు చూపిస్తాడు. బస్సులో తడిబట్టలు ఆరేలోగా నలందా వస్తుంది. దూరం పన్నెండు కిలోమీటర్లకు కాస్త అటూ ఇటూ. ఇంత తొందరలో ఏది ముఖ్యమో, ఏది కాదో యాత్రికునికి తెలిసే వీలులేదు. చరిత్ర అంటే శిథిలాలే అనీ, వేడినీళ్ళు ఒక వినోదమనీ అతనికి తోస్తుంది. శాస్త్రదృష్టితో చూస్తే విషయం తారుమారు.

రామాయణ బాలకాండంలో విశ్వామిత్రుడు శోణానదీ తీరాన రామలక్ష్మణులకు చెప్పిన గిరివ్రజం ఇదే. కుశుని పుత్రుడైన వసువు అయిదు కొండల నడుమ నిర్మించిన నగరం అది. భారత సభాపర్వంలో శ్రీకృష్ణుడు, భీముడు, అర్జునుడు స్నాతక వేషాలతో ప్రవేశించినదీ, భీముని చేతిలో జరాసంధుడు హతుడైనదీ ఇక్కడే. వనపర్వంలోని తీర్థయాత్రా ప్రకరణంలో పులస్త్యుడు రాజగృహాన్ని పేర్కొని, అక్కడి తపోదాలలో స్నానమాడినవాడు కాక్షీవంతునివలె ఆనందిస్తాడని ఫలశ్రుతి చెబుతాడు. తపోదమంటే వేడినీరు. కీకటదేశం మొత్తాన్ని పుణ్యహీనమని ఎంచిన కాలంలోనూ గయ, పునఃపునా నది, చ్యవనాశ్రమం, రాజగృహ వనం అనే నాలుగింటిని మాత్రం పవిత్రాలుగా పురాణం మినహాయించింది. గమనించవలసినది ఒకటే. ఈ మాటలలో కోట ప్రాకారానికి గాని రాజప్రాసాదానికి గాని పుణ్యం చెప్పలేదు. నీటికి, వనానికి చెప్పారు.

బౌద్ధుల వినయపిటకంలో ఈ తపోదాన్ని గురించి ఒక కథ ఉంది. వైదికులం మనం దానిని తరచుగా చదవము గాని, చదవదగినదే. మగధరాజు బింబిసారుడు తలస్నానానికి తపోదానికి వచ్చాడు. అప్పటికే భిక్షువులు స్నానం చేస్తున్నారు. వారి మీది గౌరవంతో రాజు వేచి ఉన్నాడు. వారు చీకటిపడేదాకా నీళ్ళు వదలలేదు. రాజు స్నానం ముగించేసరికి నగరద్వారాలు మూతపడ్డాయి. రాత్రంతా ఊరి వెలుపలే గడిపి, తెల్లవారి అతడు బుద్ధుని దర్శనానికి వెళ్ళాడు. సంగతి తెలిసిన బుద్ధుడు భిక్షువులు పక్షానికి ఒకసారికి మించి స్నానం చేయరాదని నియమం పెట్టాడు. ఆపై ఎండకాలానికి, వ్యాధిగ్రస్తులకు, శ్రమించినవారికి, ప్రయాణికులకు, గాలివానకు సడలింపులు ఇచ్చాడు. నిత్యస్నానం విధిగా గల మనకు ఈ నియమం వర్తించదు. కానీ ఒకే ధారకు ఎందరో హక్కుదారులు ఉన్నప్పుడు ముందు వచ్చినవాడు తనంతట తానే మితం పాటించాలన్న ధర్మసూక్ష్మం అక్కడ పుట్టింది. అది సన్న్యాసులకు చెప్పిన మాట. గృహస్థుకు, హోటలు యజమానికి అంతకంటె తక్కువ చెప్పాలా?

ఏడవ శతాబ్దిలో వచ్చిన చైనా యాత్రికుడు హ్యూయన్‌త్సాంగ్ సాక్ష్యం మరింత విలువైనది. పూర్వం ఇక్కడ వందలాది ఊటలు ఉండేవని, తాను చూసేనాటికి పదింటికి కొంచెం పైబడి మాత్రమే మిగిలాయని, వాటిలో కొన్ని గోరువెచ్చగా, కొన్ని చల్లగా ఉన్నాయని వ్రాశాడు. నేటి గైడు 22 కుండాలు, 52 ధారలు అని వల్లెవేస్తాడు. ఈ రెండు లెక్కలూ పక్కపక్కన పెడితే ఒక సంగతి స్పష్టం. ఊటలు చిక్కడం, మరలడం, చోటు మారడం బోరుబావులు పుట్టకముందు నుంచీ ఉన్నదే. కనుక ధార తగ్గిన ప్రతిసారీ కలికాల పాపమని గాని, ప్రభుత్వ దోషమని గాని అనేయడం తొందరపాటు. అలాగని ఇది ఎప్పుడూ ఉన్నదే కదా అని ఊరకుండడం అంతకంటె ప్రమాదం. ఇటీవలి సంవత్సరాలలో వేసవి వచ్చేసరికి కొన్ని ధారలు సన్నగిల్లుతున్నాయని, కొన్ని కుండాలు ఎండుతున్నాయని వార్తలు వస్తున్నాయి.

ఈ నీరు ఎక్కడిది? రాజగృహంలో అగ్నిపర్వతం లేదు. కొండల మీద కురిసిన వాన గట్టి రాతి పగుళ్ళ వెంట భూమిలోకి చాలా లోతుగా దిగుతుంది. లోతుకు పోయేకొలదీ, ప్రతి కిలోమీటరుకు సుమారు 25 నుంచి 30 డిగ్రీల చొప్పున వేడి పెరుగుతుంది. అలా వేడెక్కిన నీరు మరో పగులు దారిన పైకి తన్నుకొస్తుంది. బ్రహ్మకుండంలో నీటి వేడి సుమారు 45 డిగ్రీల సెల్సియస్. భద్రాచలం దగ్గర గోదావరి ఒడ్డున ఉష్ణగుండాలలో ఇసుక తవ్వితే వేడినీరు ఊరడానికీ అగ్నిపర్వతం కారణం కాదు. వైభార గిరి పాదాన ఉన్న కుండాలలోనూ, విపుల గిరి పాదాన ఉన్న సూర్యకుండం, సీతాకుండం, ముస్లిములు మఖ్దూం కుండంగా సేవించే శృంగిఋషి కుండం మొదలైన వాటిలోనూ నీళ్ళు పోసే శక్తి ఒకటే. కొండ మీద వాన ఇంకాలి, కింద భూగర్భజలం మట్టం నిలవాలి. ఈ రెండింటిలో ఏది దెబ్బతిన్నా ధారకు బలం తగ్గుతుంది. మతం అడిగి పారే నీరు కాదు, మతం అడిగి ఎండే నీరూ కాదు.

కొండల మీది అడవి అభయారణ్యంగా రక్షణలో ఉంది. అంతవరకు మేలే. చిక్కంతా కింద పట్టణంలో ఉంది. గత కొన్నేళ్ళలో రాజగృహం రూపురేఖలు మారాయి. గాజువంతెన, కొత్త రోప్‌వే, జూసఫారీ వచ్చాయి. 2024 జూన్ 19న నలందా విశ్వవిద్యాలయ నూతన ప్రాంగణాన్ని ప్రధాని ప్రారంభించారు. అదే ఏడాది నవంబరులో మహిళల ఆసియా హాకీ పోటీలు, 2025లో పురుషుల ఆసియా కప్ హాకీ ఇక్కడే జరిగాయి. ఊరు పెరగడం తప్పు కాదు. అక్కడి బిడ్డలకూ జీవనోపాధి కావాలి. అయితే ప్రతి కొత్త బసకూ నీరు కావాలి. యాత్రికుడు కుండంలో మునిగేది ఒకసారి, గదిలో కుళాయి తిప్పేది పదిసార్లు. తీర్థాన్ని సేవించడానికి వచ్చినవాడే తెలియకుండా తీర్థం వేళ్ళు తోడుతున్నాడు.

ఈ ప్రమాదాన్ని బీహార్ ప్రభుత్వం గుర్తించలేదనడం న్యాయం కాదు. వర్షాకాలంలో గంగలో పొంగే నీటిని హాథీదహ్ వద్ద ఎత్తిపోసి, సుమారు 150 కిలోమీటర్ల గొట్టపు మార్గాన తెచ్చి, జలాశయంలో నిలవచేసి, ఇంటింటికీ ఇచ్చే పథకాన్ని 2022 నవంబరులో రాజగృహంలో, గయలో ప్రారంభించారు. భగీరథ ప్రయత్నమన్న మాట దీనికి తగును. కానీ పైనుంచి గంగ వచ్చిందని కింద బోర్లు మూతపడ్డాయా అన్నదే అసలు ప్రశ్న. రెండూ పనిచేస్తే గంగ వచ్చిన లాభం ఊటకు దక్కదు. కొత్త కుళాయి ఇచ్చిన ప్రతి వసతిగృహం పాత బోరును వదలుకోవాలని నియమం పెట్టి, అది అమలవుతున్నదో లేదో బహిరంగంగా చూపాలి.

ఇక్కడే శిథిలాల సంగతి చెప్పాలి. నలందా మహావిహారాన్ని 2016లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. అయిదవ శతాబ్దిలో కుమారగుప్తుని కాలాన పుట్టి, సుమారు ఎనిమిది వందల ఏళ్ళ క్రితం నేలకూలిన ఆ విద్యాపీఠానికి కంచె ఉంది, టికెట్టు ఉంది, కావలివారు ఉన్నారు. పురాతన కట్టడాల చట్టానికి 2010లో చేసిన సవరణ ప్రకారం రక్షిత కట్టడం చుట్టూ 100 మీటర్ల వరకు కొత్త నిర్మాణం నిషిద్ధం, ఆపై మరో 200 మీటర్లు నియంత్రిత ప్రాంతం. ఇటుక మీద చేయి వేస్తే ఈల మ్రోగుతుంది. ఇదంతా ఉండవలసిందే. అయితే ఒకే రోజు, ఒకే బస్సులో, అదే యాత్రికుడు చూసే ఉష్ణధార నేటికీ సజీవంగా ఉన్నది. కట్టడం పాడైతే ఇటుక మీద ఇటుక పేర్చి నిలబెట్టవచ్చు. ఊట ఆగితే నిలబెట్టే శిల్పి లేడు. కుండం చుట్టూ ఉన్న గోడలకూ మెట్లకూ మరమ్మతులు చేస్తాము. ఆ నీరు పుట్టే చోటికీ ఇటువంటి మీటర్ల లెక్క ఉండాలి. గోడను కాపాడి నీటిని వదిలేయడం దేవాలయాన్ని సున్నం కొట్టి మూలవిరాట్టును మరచినట్లే.

మగధ పూర్వులకు ఈ విద్య తెలుసు. వాలు నేలకు మూడు వైపుల కట్ట వేసి వాననీటిని నిలిపే ‘ఆహర్’, నదీజలాన్ని పొలాలకు మళ్ళించే ‘పైన్’ అనే కాలువ, ఈ రెండూ కలిసిన పద్ధతి దక్షిణ బీహారులో తరతరాలుగా ఉంది. మన కాకతీయుల గొలుసుకట్టు చెరువులకు అది దూరపు చుట్టం. నలందా విశ్వవిద్యాలయ నూతన ప్రాంగణంలో ఆ పద్ధతిలోనే వాననీటిని నిలుపుతున్నారు. విద్యాపీఠం ఆవరణలో సాధ్యమైనది పట్టణంలో ఎందుకు సాధ్యం కాదు?

యాత్రికుని వంతు కూడా ఉంది. ఇతరులు తవ్వించిన జలాశయంలో స్నానం చేయవలసి వస్తే ముందు అయిదు మట్టిముద్దలు తీసి గట్టున వేయాలని స్మృతులు విధించాయి. నేడు దానిని మంత్రతంతుగా భావించి వదిలేశాము. నిజానికి అది పూడికతీత. వందమంది స్నానం చేస్తే అయిదు వందల ముద్దల మట్టి గట్టెక్కేది. బ్రహ్మకుండంలో మట్టి తీయనక్కరలేదు. సబ్బు, షాంపూ పొట్లాలు, విడిచిన బట్ట అక్కడ వదలకుండా ఉంటే చాలు. ఒంటి మురికి బసలోనే వదిలించుకొని, తీర్థంలో మునకవేయడమే విధి. చర్మవ్యాధులు నయమవుతాయన్న ఆశతో వచ్చేవారు రద్దీలేని వేళ, పారే ధార కింద స్నానం చేయడం తమకూ ఇతరులకూ క్షేమం. గుండెజబ్బు, రక్తపోటు ఉన్న వృద్ధులు అంత వేడినీటిలో ఎక్కువసేపు ఉండరాదు. యాత్ర ఏర్పాటు చేసేవారు ఈ మాట బస్సులోనే చెప్పాలి, చెప్పేవారు అరుదు.

స్థానిక తీర్థపురోహితులకు, దేవాలయ వ్యవహారాలు తెలిసినవాడిగా, ఒక చిన్న సూచన. మనం హుండీ లెక్కిస్తాము, ప్రసాదం లెక్కిస్తాము, టికెట్టు లెక్కిస్తాము. ధారను ఎవరూ లెక్కించరు. ప్రతి అమావాస్యనాడు ఉదయం, రద్దీకి ముందు, కొలత తెలిసిన ఒకే కలశాన్ని ఒక్కో ధార కింద ఉంచి, అది నిండడానికి ఎన్ని క్షణాలు పట్టిందో గడియారం చూసి వ్రాయాలి. కుండం మెట్ల దగ్గర పలక మీద ఆ అంకె ఉంచాలి. ఖర్చు ఒక కలశం, ఒక సుద్దముక్క. 2029లో అధికమాసం చైత్రానికి వస్తుంది; అదీ ఎండల ఆరంభమే. ఒక అధికమాసానికీ మరొకదానికీ నడుమ ముప్పదికి పైగా అమావాస్యలు ఉన్నాయి. ఆ లెక్కలన్నీ వరుసగా పలక మీద ఉంటే, ఏ కుండానికి ఎంతమందిని పంపాలో, ఏ బోరును ఆపాలో అధికారులతో మాట్లాడడానికి పురోహితుల చేతిలో ఒక ఆధారం ఉంటుంది.