ఢీకొన్న వాహనం దొరక్కపోతే?

జిల్లా పేజీల్లో దాదాపు రోజూ కనిపించే వార్త ఒకటుంది: ‘గుర్తు తెలియని వాహనం ఢీకొని వ్యక్తి మృతి’. చనిపోయిన మనిషి పేరు, ఊరు, పని ముగించుకుని ఇంటికి వస్తున్నాడన్న మాట, చివర ‘పోలీసులు కేసు నమోదు చేసి దర్యాప్తు చేస్తున్నారు’. అంతే. ఆ దర్యాప్తు ఏమైందో, ఆ ఇల్లు ఎలా గడుస్తోందో తర్వాత ఏ పేజీలోనూ రాదు.

కేంద్ర రవాణా శాఖ లెక్కల ప్రకారం 2022లో దేశవ్యాప్తంగా రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయారు. అందులో 30,486 మందివి ఢీకొట్టిన వాహనం ఆగకుండా వెళ్లిపోయిన కేసులే. ఇలాంటి మరణానికి 2 లక్షల రూపాయలు, తీవ్ర గాయానికి 50 వేలు ఇచ్చే పథకం ఆ ఏడాది ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉంది. అంతకుముందు ప్రాణానికి ఇచ్చింది 25 వేలే. మరి 2022-23లో ఈ పథకం కింద దేశం మొత్తం మీద ఎన్ని దరఖాస్తులు వచ్చాయి? 205. పరిష్కారమైనవి 95. 2024 జనవరిలో ఎస్.రాజశేఖరన్ కేసు విచారణలో సుప్రీంకోర్టు ముందుకొచ్చిన అంకెలివి.

నిధి ఉంది, అధికారులు ఉన్నారు, దరఖాస్తు ఫారం కూడా ఉంది. లేనిదల్లా ఆ ఇంటి గడప తొక్కి ‘మీకు ఇది రావాలి, ఇక్కడ సంతకం పెట్టండి’ అని చెప్పే మనిషి.

పెద్ద ప్రమాదం జరిగితే సంగతి వేరు. 2025 అక్టోబరు 24న కర్నూలు జిల్లా చిన్నటేకూరు దగ్గర ప్రైవేటు బస్సు మంటల్లో 19 మంది ప్రయాణికులు కాలిపోయారు. పది రోజులకే, నవంబరు 3న, చేవెళ్ల దగ్గర మీర్జాగూడలో కంకర టిప్పర్ ఆర్టీసీ బస్సు మీదికి దూసుకొచ్చి మరో 19 మందిని బలితీసుకుంది. మంత్రులు వచ్చారు, కెమెరాలు వచ్చాయి, ఎక్స్‌గ్రేషియా ప్రకటనలు వెలువడ్డాయి. ఇవ్వాల్సిందే, ఎవరూ కాదనరు. కానీ ఎక్స్‌గ్రేషియా ప్రభుత్వం దయతలచి ఇచ్చేది. మోటారు వాహనాల చట్టం కింద వచ్చే పరిహారం హక్కుగా రావాల్సింది. మొదటిది అందిందని రెండోదాన్ని వదులుకున్న కుటుంబం ఘోరంగా నష్టపోతుంది.

ఎంత నష్టమో లెక్క వేసి చూడొచ్చు. నెలకు 15 వేలు సంపాదించే 32 ఏళ్ల తాపీ మేస్త్రీ అనుకుందాం. భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి అతని మీదే ఆధారపడ్డారు. 2017లో ప్రణయ్ సేఠీ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పినట్టు, సొంతంగా పనిచేసుకునే నలభై ఏళ్లలోపు వాళ్ల ఆదాయానికి భవిష్యత్తు పెరుగుదల కింద 40 శాతం కలపాలి. అంటే 21 వేలు. ఏడాదికి 2,52,000. అతని సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీసేస్తే 1,89,000. 2009 నాటి సరళా వర్మ తీర్పు ప్రకారం ఆ వయసుకు 16తో హెచ్చవేయాలి. మొత్తం 30,24,000 రూపాయలు. అంత్యక్రియల ఖర్చు, భార్యాబిడ్డలు తోడు కోల్పోయినందుకు ఇచ్చే సొమ్ము దీనికి అదనం.

అదే మేస్త్రీని గుద్దిన లారీ దొరక్కపోతే వచ్చేది 2 లక్షలు. అదీ అడిగితేనే.

అందుకే వాహనాన్ని పట్టుకోవడం నేరస్థుణ్ని శిక్షించడానికి మాత్రమే కాదు, ఆ పిల్లల చదువు కోసం కూడా. సైకిల్‌కు అంటిన రంగు, రోడ్డు మీద రాలిన హెడ్‌లైటు ముక్కలు, దారిలోని పెట్రోలు బంకు సీసీ కెమెరా, టోల్‌ప్లాజాలో ఫాస్టాగ్ నమోదు... ఆధారాలు ఉంటాయి. కాకపోతే బంకు కెమెరాలో రికార్డు ఎల్లకాలం నిలవదు, కొత్తది వచ్చి పాతదాన్ని చెరిపేస్తుంది. మొదటి రెండు మూడు రోజులు స్టేషన్‌లో ఎవరూ కదలకపోతే ఆ కేసు ‘గుర్తు తెలియని వాహనం’గానే మూతపడుతుంది. కూలీ చనిపోయిన కేసుకు ఈ పరుగు ఎందుకన్న ఉదాసీనత ఎక్కడున్నా అది క్షమించరానిది.

చనిపోయింది ఇల్లాలైతే మరో అన్యాయం. జీతం లేదు కాబట్టి నష్టమూ లేదన్నట్టు మాట్లాడేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. 2021 జనవరిలో కీర్తి కేసులో సుప్రీంకోర్టు న్యాయమూర్తి జస్టిస్ ఎన్.వి.రమణ ఈ వాదనను తోసిపుచ్చారు. జీతం రాని ఇంటి పనికి ఆడవాళ్లు రోజుకు సగటున 299 నిమిషాలు, మగవాళ్లు 97 నిమిషాలు వెచ్చిస్తున్నారన్న జాతీయ సర్వే అంకెలను తీర్పులో ఉదహరించారు. ఇంటి చాకిరీకీ విలువ కట్టాల్సిందే. క్లెయిం వేసేటప్పుడు ‘గృహిణి’ అని రాసి ఊరుకోకుండా ఆమె చేసిన కూలి, కుట్టుపని, పాడి అన్నీ రాయించాలి.

రాజశేఖరన్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన ఆదేశాలు స్పష్టంగానే ఉన్నాయి. నెల రోజుల్లో వాహనం ఆచూకీ దొరక్కపోతే, పరిహారం అడగొచ్చని పోలీసులే బాధిత కుటుంబానికి రాతపూర్వకంగా తెలియజేయాలి. ఏ అధికారిని కలవాలో వివరాలు ఇవ్వాలి. అప్పటికీ దరఖాస్తు రాకపోతే జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఆ కుటుంబాన్ని వెతుక్కుంటూ వెళ్లాలి. ఈ పని ఎంతవరకు జరుగుతోందో రెండు తెలుగు రాష్ట్రాల పోలీసు ఉన్నతాధికారులు జిల్లాలవారీగా బయటపెట్టాలి. ఎన్ని మరణాలు, ఎన్ని ఇళ్లకు ఉత్తరం వెళ్లింది, ఎన్ని ఇళ్లకు డబ్బు చేరింది: ఈ మూడు అంకెలు చాలు.

ఈలోగా మీ ఊళ్లో ఇలాంటి మరణం జరిగితే ఆ ఇంటివాళ్ల చేత ఎఫ్ఐఆర్, పోస్టుమార్టం రిపోర్టుల నకళ్లు తీయించండి. వాహనం తెలియకపోతే 2 లక్షల పథకానికి రెవెన్యూ అధికారి దగ్గర దరఖాస్తు చేయించండి. తర్వాత వాహనం దొరికినా పూర్తి పరిహారం అడగొచ్చు, ముందు తీసుకున్నది అందులో మినహాయిస్తారు. వాహనం తెలిస్తే మాత్రం ఆలస్యం వద్దు; 2019 సవరణ చట్టం ట్రిబ్యునల్‌లో క్లెయిం వేయడానికి 6 నెలల గడువు పెట్టింది. వకీలును పెట్టుకునే స్తోమత లేనివాళ్లు వాటా అడిగే దళారి చేతిలో పడకుండా న్యాయసేవల ఉచిత నంబరు 15100కు ఫోన్ చేయాలి.